బంతియాట ప్రసారహక్కులు – మన యింటి భాష

ఆటకు భాష లేదని పెద్దలు చెప్పుదురు. బంతి యెటు పోవుచున్నదో తెలిసికొనుటకు నిఘంటువు అక్కరలేదు. మైదానపు గట్టున నిలిచి చూచువాని విషయమున ఈ మాట నిజమే. కాని నేడు మనలో పెక్కుమంది ఆటను మైదానమున గాక తెరమీదనే చూచుచున్నారు. తెరమీది ఆటకు ఒక గొంతు కలదు. ఆ గొంతునకు ఒక భాష కలదు. ఆ భాషకు ఒక వెల కలదు. ఆ వెలను నిర్ణయించునది ప్రసారహక్కుల బేరము. హొసూరు ప్రాంతమున తరతరములుగా స్థిరపడిన తెలుగు కుటుంబీకుడనై, ఈ విషయమును గూర్చి నాకు తోచిన నాలుగు మాటలు ఈ సంచికయందు విన్నవించుకొనుచున్నాను.

నేను పండితుడను గాను. పదవ తరగతి వరకు చదివి, బహుకాలము గుమాస్తాగిరీ చేసి, విశ్రాంతి గైకొన్నవాడను. పద్దులు సరిచూచుట నా వృత్తి. కావున ఈ వ్యవహారమును కూడ జమాఖర్చుల దృష్టితోనే పరిశీలింతును.

మా అత్తిముగము ఐరావతేశ్వరస్వామి కోవెల గల గ్రామము. 1981లో బెంగుళూరు దూరదర్శన్ కేంద్రము ఏర్పడిన పిమ్మట, ఎత్తైన గడకు యాంటెన్నా కట్టి, గాలి అనుకూలించిన నాడు మా వారును బొమ్మలు చూడసాగిరి. 1986లో మెక్సికోలో జరిగిన ప్రపంచ కప్ పోటీలను మా వీధిలో ఒకరి యింట నలుపు తెలుపుల పెట్టెలో రాత్రులు మేలుకొని చూచితిమి. వ్యాఖ్యానము మాకు రాని భాషలలో సాగుచుండెను. కాని బెంగుళూరిలో కొలువు చేసి ఊరు చేరిన ఒక పెద్దాయన మా మధ్య కూర్చుండి, ఎవరును అడుగకయే తెలుగున చెప్పుచుండెడివాడు. “అదో, మారడోనా వస్తా ఉండాడు చూడండ్రా! ఇద్దరు అడ్డం పడిరి. జారిపాయ, జారిపాయ!” అని ఆయన కేకవేయగా నిద్రించు పిల్లలు సైతము లేచి కూర్చుండిరి. మా ఊరి మొట్టమొదటి స్థానిక ప్రసారము అదియే. దానికి హక్కులు కొన్నవారు లేరు, అమ్మినవారును లేరు.

ముప్పదియారేండ్లు గడచినవి. 2022 డిసెంబరు 18వ తేదీన కతార్‌లో అర్జెంటీనా, ఫ్రాన్సు జట్లు తుది పోటీ ఆడినవి. మూడేసి గోళ్ళతో సమానులై, పెనాల్టీ తన్నులలో అర్జెంటీనా 4–2గా గెలిచిన ఆ పోటీని నా మనుమడును నేనును చేతిఫోనులో చూచితిమి. ఆ పోటీల ప్రసారహక్కులు పొందిన వయాకామ్18 సంస్థ తన జియోసినిమా ద్వారా ఇంగ్లీషు, హిందీ, తమిళము, మలయాళము, బెంగాలీ భాషలలో వ్యాఖ్యానము నొసగినది. తెలుగు లేదు. పిల్లవాడు జాబితాను పైకి క్రిందికి జరిపి చూచి, “యాల తాతా, మన మాటలో చెప్పేవాళ్ళే లేరా?” అని యడిగెను. నేను సమాధానము చెప్పజాలకపోతిని. వాడు బడిలో నేర్చిన తమిళమును ఎంచుకొనెను.

చెప్పువారు లేకపోలేదని నాలుగు మాసములకే తేటపడినది. 2023 వేసవిలో అదే సంస్థ ఐ.పి.ఎల్. క్రికెట్టును పండ్రెండు భాషలలో ప్రసారము చేసినది. అందు తెలుగును కలదు, భోజపురియు కలదు. కావున కొరత గొంతులది గాదు, సాంకేతిక సాధనములది గాదు. మరి దేనిది? ఇచ్చటనే పద్దు తెరచి చూడవలసియున్నది.

ప్రసారహక్కు అనగా ఒక ఆటను, ఒక కాలమునకు, ఒక ప్రదేశమునందు, ఒక మార్గమున చూపుటకు పొందిన ఏకస్వామ్యము. 2022 జూన్‌లో జరిగిన వేలమున ఐ.పి.ఎల్. ఐదేండ్ల హక్కులు 48,390 కోట్ల రూపాయలకు పోయినవి. అందు టెలివిజను హక్కు 23,575 కోట్లకు ఒక సంస్థకును, దేశమునందలి డిజిటల్ హక్కులు 23,758 కోట్లకు వేరొక సంస్థకును దక్కినవి. ఇంత ధనము వెచ్చించినవాడు దానిని ప్రకటనల ద్వారా, చందాల ద్వారా రాబట్టుకొనవలెను. ఏ భాషలో వ్యాఖ్యానము పెట్టిన ఎన్ని ప్రకటనలు వచ్చునో అతడు లెక్కించును. క్రికెట్టునకు తెలుగు రాష్ట్రములు గొప్ప అంగడి. ఫుట్‌బాలునకు కేరళము, బెంగాలు అంగళ్ళు. అందుచేత ఒకే సంస్థ ఒక ఆటకు తెలుగును పిలిచి పీట వేసినది, వేరొక ఆటకు గుమ్మమునకు వెలుపల నిలిపినది. ఇందు ద్వేషము లేదు, లెక్క మాత్రమే కలదు. లెక్కకు హృదయము లేదని గుమాస్తాకు వేరుగ చెప్పనక్కరలేదు.

ఇక జమ వైపు ఏమున్నదో న్యాయముగా చూతము. హక్కుల ధనము లేనినాడు మన ఫుట్‌బాలు ఎట్లుండెను? హైదరాబాదు సిటీ పోలీసు జట్టు 1950 నుండి 1954 వరకు వరుసగా ఐదుమార్లు రోవర్స్ కప్ గెలిచినది. దానిని తీర్చిదిద్దిన సయ్యద్ అబ్దుల్ రహీం గారి శిక్షణలో భారతదేశము 1956 మెల్బోర్న్ ఒలింపిక్సులో నాల్గవ స్థానము పొందినది, 1962లో జకార్తా ఆసియా క్రీడలలో స్వర్ణపతకము సాధించినది. సికింద్రాబాదు సమీపమున పుట్టిన తులసీదాస్ బలరాం ఆ రెండు జట్లయందును ఆడెను. కాని ఆ ఆటలను కన్నులార చూచిన తెలుగువారెందరు? తెర లేదు, కావున గుర్తు లేదు. మన పిల్లలకు రహీం గారి పేరు పాఠముగనైనను తెలియదు.

2014లో ప్రారంభమైన ఇండియన్ సూపర్ లీగు టెలివిజనుతో కూడి పుట్టిన పోటీ. అందు 2019లో చేరిన హైదరాబాదు జట్టు 2022 మార్చి 20వ తేదీన గోవాలో కేరళ బ్లాస్టర్సును పెనాల్టీ తన్నులలో ఓడించి కప్పు గెలువగా, మేమిచ్చట కూర్చుండి చూడగలిగితిమి. ఈ భాగ్యము హక్కుల చలువయే. అది కాదనుట కృతఘ్నత.

కాని హక్కులమీద నిలిచిన ఇల్లు హక్కులతోడనే ఊగును. అఖిల భారత ఫుట్‌బాలు సమాఖ్య 2010 డిసెంబరులో పదునైదేండ్లకు, 700 కోట్ల రూపాయలకు తన వాణిజ్యహక్కులను ఒప్పందముపై ఇచ్చినది. గడువు సమీపించినను కొత్త ఒప్పందము కుదరక, 2025 జూలైలో లీగును నిలిపి ఉంచినట్లు నిర్వాహకులు ప్రకటించిరి. ఆడువారుండిరి, చూచువారుండిరి, మైదానములుండెను. కాగితము లేకపోయెను, కనుక ఆట నిలిచెను. ఆ సంవత్సరముననే మన హైదరాబాదు జట్టు పేరు మారి, ఢిల్లీకి తరలిపోయినది. కప్పు గెలిచిన మూడేండ్లకే తెలుగుగడ్డమీది జట్టు తెలుగుగడ్డను విడిచినది.

ఇతర దేశములయందును ఈ చిక్కు కలదు. అమెరికాలో వారి ఫుట్‌బాలు వేరు, చేతితో పట్టి పరుగెత్తు ఆట. అచ్చట చిరకాలము ఒక నియమముండెను. పోటీకి 72 గంటల ముందుగా మైదానపు టిక్కెట్లన్నియు అమ్ముడు కానిచో, ఆ మైదానమునకు 75 మైళ్ళ లోపల ఆ పోటీని టెలివిజనులో చూపరాదు. ప్రజలు నిరసింపగా, 2014లో ప్రభుత్వ సంస్థ తన నిబంధనను రద్దుపరచినది, 2015 నుండి లీగును దానిని నిలిపివేసినది. అట్టి నియమము మన దేశమున ఉండినచో, బెంగుళూరు కంఠీరవ మైదానమున సీట్లు మిగిలిన దినమున అత్తిముగమున తెర నల్లబడవలసివచ్చును. ఇంగ్లండులో 1960ల నుండి శనివారము మధ్యాహ్నము 2.45 మొదలు 5.15 వరకు ఫుట్‌బాలు ప్రత్యక్షప్రసారము నిషిద్ధము. పెద్ద జట్లను ఇంట కూర్చుండి చూచినచో చిన్న ఊళ్ళ జట్ల గేటు వసూలు పడిపోవునని వారి భయము. దానిని నేను తప్పుపట్టను. హక్కులకు హద్దు గీయవచ్చుననియు, ఆ హద్దు చిన్నవానిని కాపాడుటకై ఉండవచ్చుననియు అది చాటుచున్నది.

మన దేశమునను హద్దు గీయు యత్నము జరిగినది. 1995లో సుప్రీంకోర్టు, ఆకాశతరంగములు ప్రజల సొత్తని తీర్పు చెప్పినది. ఆ ధర్మాసనమున మన తెలుగువారైన జస్టిస్ బి.పి. జీవన్‌రెడ్డి గారును ఉండిరి. 2007లో పార్లమెంటు చేసిన చట్టము, జాతీయ ప్రాముఖ్యముగల ఆటల ప్రసారమును హక్కుదారు ప్రసారభారతితో పంచుకొనవలెనని విధించినది. టెలివిజను ప్రకటనల ఆదాయమున హక్కుదారునకు నూటికి 75 పాళ్ళకు తగ్గరాదనియు నిర్ణయించినది. కాని 2017 ఆగస్టులో సుప్రీంకోర్టు, అట్లు పంచుకొన్న ప్రసారము దూరదర్శన్ సొంత భూతల మార్గమునను, ఉచిత డిష్షునందును మాత్రమే చెల్లుననియు, కేబులువారు దానిని అందించుటకు వీలులేదనియు తేల్చినది. కావున ఉచిత డిష్షు గల పూరిగుడిసెలో కనిపించు ఆట, డబ్బు కట్టి కేబులు తీసుకొన్న మేడలో దూరదర్శన్‌పై కనిపింపదు. ధర్మమేదైనను ఫలితము విచిత్రము.

ఈ చట్టమంతయు ‘ఎవరు చూడవచ్చును’ అను ప్రశ్ననే విచారించినది. ‘ఏ భాషలో వినవచ్చును’ అను ప్రశ్నను ముట్టలేదు. మనకు నష్టము కలుగుచున్నది ఇచ్చటనే. వ్యాపారి దేశమును ప్రాంతములుగా కోసి, ప్రాంతమునకొక భాషను అంటించును. ఆ లెక్కలో కృష్ణగిరి జిల్లా తమిళము. మా ఊరి కేబులు కట్టలో తమిళ క్రీడాచానలు తానై వచ్చును. తెలుగు క్రీడాచానలు కావలెనన్న విడిగ అడిగి, విడిగ చెల్లింపవలెను. అడిగిన పిమ్మట వచ్చుచున్నది, కాదనను. కాని అడిగినవాడే తెలుగువాడు, అడుగనివాడు లెక్కకు తమిళుడే.

తమిళముపై నాకు కినుక లేదు. అది మాకు అన్నము పెట్టిన భాష, ఇరుగుపొరుగు ఆదరము చూపిన భాష. కాని 2006 చట్టము వచ్చిన పిమ్మట మా పిల్లలు బడిలో తమిళమును తప్పక చదువుచున్నారు. వీధిలో తమిళము, కన్నడము. ఫ్యాక్టరీలో ఇంకను పది భాషలు. తెలుగునకు మిగిలినది ఇల్లు. ఆ యింట పదేండ్ల పిల్లవాని మనస్సును పట్టునది తాత చెప్పు పద్యము కాదు, ఆట. ఆవేశము వచ్చినప్పుడు నోట వెలువడు భాషయే మనిషి సొంత భాష. గోలు పడిన క్షణమున మనుమడు ఏ భాషలో కేక వేయునో, రేపు తన బిడ్డతో ఆ భాషలోనే మాటాడును.

తప్పంతయు వ్యాపారిది కాదని నాకు స్వానుభవమున తెలిసినది. ఆ తుది పోటీ రెండవ భాగమున నేను ఫోను గొంతు తగ్గించి, మా పెద్దాయన వలె తెలుగున చెప్పబూనితిని. రెండు నిమిషములలో నా సరకు అయిపోయినది. ‘ఆఫ్‌సైడు’ అనగానేమని మనుమడు అడుగగా తడబడితిని. తుదకు, “బంతి రాకముందే అవతలివాళ్ళ వెనక్కి పోయి కాచుకొని ఉండేది” అంటిని. వాడు వెంటనే, “ఓహో, దొంగకాపు!” అనెను. ఎంతటి చక్కని మాట! ఏ పరిభాషాసంఘమును కూర్చుండలేదు, ఏ నిఘంటువును తిరగవేయలేదు. పదేండ్ల పిల్లవాడు, వినువాడొకడున్నాడని తెలియగనే, మాటను పుట్టించెను. క్రికెట్టు తెలుగు వ్యాఖ్యానములలో సినిమా సంభాషణలు, ఇంగ్లీషు పదములు కలగలిపి వడ్డించువారు ఈ సంగతి గమనించిన బాగుండును. భాష అవకాశము లేక కుంటువడుచున్నది గాని, శక్తి లేక కాదు.

కావున మన సంఘమువారికి మూడు మనవులు. మొదటిది, తెలుగు వ్యాఖ్యానము ఉన్నచోట దానినే ఎంచుకొనుడు. మన యెంపికయే వ్యాపారి పద్దులో మన సంతకము. రెండవది, ఫుట్‌బాలు సమాఖ్య హక్కులను ఇచ్చునపుడు, ప్రాంతమును బట్టి గాక, కోరిన ప్రతి యింటికి ప్రధాన భాషలన్నింట వ్యాఖ్యానము అందవలెనను షరతు చేర్చుమని సంఘము పేర వ్రాయుదము. మూడవది, మన చేతిలోనే ఉన్నది. ఉగాదికి, సంక్రాంతికి మన ఊళ్ళలో జరుగు బంతిపోటీలకు ఒక మైకు తెచ్చి, ఒక పిల్లవానిచేత తెలుగున వ్యాఖ్యానము చెప్పింపుడు. ఆ హక్కును ఎవరును వేలమున కొనలేదు.

1986లో చెప్పిన పెద్దాయన నేడు లేరు. ఆయన కూర్చున్న చోటు ఖాళీగా ఉన్నది. మొన్న పొంగలునాడు మా కోవెల దగ్గరి పోటీలో నా మనుమడు గట్టుమీద నిలిచి, “దొంగకాపు! దొంగకాపు!” అని అరచుచుండగా, పక్కనున్న తమిళ బాలురును ఆ మాటనే అందుకొనిరి. జమ వైపున ఈ ఒక్క పద్దును వ్రాసికొని, నేను లెక్క ముగించుచున్నాను.