వారము లేని రోజు

కథలో కాలమునకు లెక్క అక్కరలేదని సామాన్యముగా అనుకొందుము. ‘కొంతకాలమునకు’ అన్న ఒక్క మాటతో కథకుని పని జరిగిపోవును. కాని ఆక్స్‌ఫర్డు విశ్వవిద్యాలయ ఆచార్యులు జె. ఆర్. ఆర్. టోల్కీన్ తమ ‘లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ నవలకు, 1955లో వెలువడిన మూడవ సంపుటము చివర, ఆ కల్పిత లోకపు కాలగణనమును ఒక అనుబంధముగా చేర్చినారు. అది సైన్సు పరీక్షకు ఎంతవరకు నిలుచునో చూతము.

ఆ కథలో హాబిట్లు అను పొట్టి జాతివారు షైర్ అను పల్లెసీమలో నివసింతురు. వారి సంవత్సరమునకు పండ్రెండు మాసములు; ప్రతి మాసమునకు 30 దినములు. మొత్తము 360. మిగిలిన ఐదు దినములు ఏ మాసమునకును చెందవు. సంవత్సరాంతమున ఒకటి, ఆరంభమున ఒకటి, నడివేసవిలో మూడు వచ్చును. నాలుగేండ్లకొకసారి నడివేసవిలో మరియొక దినము చేరును. శతాబ్దపు చివరి యేట మాత్రము చేరదు.

నూరేండ్లలో 24 అధిక దినములు చేరుటచే సంవత్సరము సగటున 365.24 దినములగును. టోల్కీన్ తమ లోకమునకు మన భూమి సంవత్సరమునే, అనగా 365 దినముల 5 గంటల 48 నిమిషముల 46 సెకండ్లనే, ప్రమాణముగా తీసికొన్నారు. ఆ లెక్కన వేయేండ్లకు 2 దినముల 4 గంటల 46 నిమిషముల 40 సెకండ్ల కొరత ఏర్పడును. అందుకై ప్రాచీన రాజ్యమున వేయేండ్లకు రెండు దినములు కలిపెడివారనియు, అటుపైన మిగులు కొరత ఇంత అనియు సెకండ్లతో సహా ఆయన తెలిపినారు. నేను కాగితముపై గుణించి చూచితిని; లెక్క సరిపోయినది.

లోపము లేకపోలేదు. చంద్రకళలు 29.53 దినములకొకసారి మొదటికి వచ్చును. కావున 30 దినముల మాసము రెండు మాసములలోనే చంద్రునికి సుమారొక దినము ఎడమగును. మన పంచాంగమున తిథి తెలిసినవాడు ఆ రాత్రి వెన్నెల ఎంతసేపుండునో చెప్పగలడు. హాబిట్ రైతు తన తేదీని బట్టి చెప్పలేడు. సూర్యుని విషయమున సెకండ్ల వరకు పోయిన రచయిత, చంద్రుని విషయమున మనము నిత్యము వాడు ఇంగ్లీషు క్యాలెండరుతోనే సరిపెట్టుకొన్నారు.

ఇక అసలు విశేషము. 365ను ఏడుచే భాగించిన ఒకటి శేషించును. అందుచేతనే ఈ యేడు సోమవారమైన తేదీ మరుసటి యేడు మంగళవారమగుచున్నది. హాబిట్లు ఈ చిక్కును తేలికగా విడదీసిరి. నడివేసవి దినమునకును, అధిక దినమునకును వారము పేరు తీసివేసిరి. మిగిలిన 364 దినములు సరిగా 52 వారములు. ఇక ఏ తేదీకైనను ప్రతి సంవత్సరము అదే వారము.

ఇది కథలోని వింత మాత్రమే కాదు. ఇటువంటి ‘ప్రపంచ క్యాలెండరు’ను భారత ప్రభుత్వము 1953లో ఐక్యరాజ్యసమితి ముందుంచినది. 1954లో మేఘనాద్ సాహా జెనీవాకు పోయి దానిని సమర్థించినారు. టోల్కీన్ నవల మొదటి సంపుటము వెలువడినదియు ఆ యేడే. ఒకటి మరియొకదానికి మూలమని నా భావము కాదు. చిక్కు ఒకటే గనుక ఉపాయమును ఒకటే అయినది. జెనీవాలో లెక్కను ఎవరును తప్పుపట్టలేదు. కాని వారము లేని రోజు ఒకటి వచ్చినచో, ప్రతి ఏడవ దినమును పవిత్రముగా పాటించు యూదులకును, ఇతరులకును ఆ వరుస తప్పును. అభ్యంతరములు పెరిగినవి. 1956లో ఆ ప్రతిపాదన నిరవధికముగా వాయిదా పడినది.

మరి షైర్‌లో సంస్కరణము ఎట్లు సాగినది? ఏడవ దినమున దేవుని కొలుచు ఆచారము హాబిట్లకు లేదు. అడ్డుచెప్పు పెద్దలును కానరారు. నా దృష్టిలో ఈ కల్పనకు పెద్ద కొరత ఇదియే. సూర్యుడు నిజమైనవాడే గాని, క్యాలెండరును గూర్చి తగవులాడు మనుష్యులు లేరు. అయినను టోల్కీన్ ఒకచోట నిజమును పట్టుకొన్నారు. హాబిట్లు జాబులలో వారము వ్రాయుట మానివేసిరట. ఇంటిపట్టున అది సుఖముగానే ఉండెనట. పొలిమేర దాటి దూరము పోయినవారికే ఇబ్బంది కలిగెనట. బయటివారి వారములు వేరుగా నడచుచుండును గదా! అనుబంధములోని అంకెలన్నిటికంటె ఈ చిన్నమాట విలువైనది.

దృగ్గణితమని ఒకరు, పూర్వపద్ధతియని ఒకరు లెక్కించుటచే ఇరుగువారు ఒకనాడు, పొరుగువారు మరునాడు పండుగ చేసికొనుట మనము ఎరిగినదే. ఇక్కడ తగవు తీర్చవలసినది గణితము ఒక్కటే కాదు. కొత్తలోకమును కల్పింప దలచినవారు సంవత్సరమునకు దినములెన్ని అని అడిగిన పిదప, ఆ లెక్కను పొరుగూరివారు ఒప్పుకొందురా అనియు అడుగవలెను.