సంబ తవ్వించిన చెరువు

మన చరిత్ర పుస్తకాల్లో శాతవాహన సామ్రాజ్యం ఒక్క పేరాలో కూలిపోతుంది. యజ్ఞశ్రీ చివరి గొప్ప రాజు. తర్వాత వచ్చినవాళ్లు అసమర్థులు. సామంతులు ఎదురుతిరిగారు. పడమట ఆభీరులు, తూర్పున ఇక్ష్వాకులు, దక్షిణాన చుటులు, పల్లవులు తలా ఒక ముక్క పంచుకున్నారు. పోటీ పరీక్షలకి చదివిన వాళ్లకి ఈ పేరా నోటికొచ్చు. ఇందులో తప్పేమీ లేదు. నా పేచీ ఏంటంటే, ఈ పేరా మొత్తం రాజధానిలో కూర్చుని రాసినట్టుంటుంది. సింహాసనం ఖాళీ అయింది కాబట్టి అంతా అయిపోయినట్టే. మరి మారుమూల ఊళ్లో ఉన్న మనిషికి సామ్రాజ్యం పోయిందని ఎలా తెలిసింది? అసలు తెలిసిందా?

ఈ పేరాకి ఎముకల గూడు పురాణాల్లోని రాజుల జాబితా. జాబితాకి ఒక గుణం ఉంది: అది అయిపోతుంది. చివరి పేరు తర్వాత ఖాళీ వస్తుంది, ఆ ఖాళీని మనం పతనం అనుకుంటాం. నేను చేసేది సాఫ్ట్‌వేర్ పని. ఒక పెద్ద సిస్టమ్ ఎప్పుడు, ఎలా ఆగిందో తెలుసుకోవాలంటే పైవాళ్లు పంపిన మెయిల్ సరిపోదు, లాగ్ తెరిచి చూడాలి. శాతవాహనుల చివరి రోజులకి అలాంటి లాగ్ ఒకటి ఉంది. ఆదోని ప్రాంతంలో మ్యాకదోని దగ్గర ఒక పెద్ద బండ మీద ప్రాకృతంలో చెక్కిన చిన్న శాసనం. పురాణాల జాబితాలో ఆఖరున వచ్చే పులుమావి ఇతనేనని చాలామంది చరిత్రకారులు అంటారు. శాసనం అతని 8వ ఏట వేసింది, అంటే సుమారుగా క్రీ.శ. 3వ శతాబ్దపు తొలి భాగం.

చివరి రాజు శాసనం అనగానే మనం యుద్ధమో, శరణాగతో, కనీసం ఒక ఆర్తనాదమో ఎదురుచూస్తాం. అందులో ఉన్నది చెరువు. మహాసేనాపతి ఖందనాగుడి జనపదమైన సాతవాహనిహారంలో, గుమికుడు కుమారదత్తుడి ఊరు వేపురకలో, సంబ అనే గృహస్థు చెరువు తవ్వించాడు. అంతే.

ఈ వాక్యం నిర్మాణం చూడండి. రాజు పేరు తేదీ కోసం వచ్చింది. ఇవాళ మనం ఉత్తరం పైన తేదీ వేసినట్టు, అంతకంటే అతనికి ఇక్కడ పని లేదు. జనపదం సేనాపతిది. ఊరు గుమికుడిది, అంటే ఒక చిన్న సైనిక దళం నాయకుడిది. క్రియ మాత్రం సంబది. సామ్రాజ్యం ఎంత మిగిలిందో, ఎక్కడ మిగిలిందో ఈ ఒక్క వాక్యం చెప్పినంత స్పష్టంగా పాఠ్యపుస్తకం పేరా చెప్పలేదు.

దీని పక్కన రోమ్ కథ ఒకటి పెట్టి చూస్తే తేడా తెలుస్తుంది. రోమన్ సామ్రాజ్యంలో నోరికం అని ఒక రాష్ట్రం ఉండేది, ఇప్పటి ఆస్ట్రియా వైపు, డాన్యూబ్ నది ఒడ్డున. 5వ శతాబ్దంలో అక్కడ రోమన్ పాలన ఎలా కరిగిపోయిందో యుజిప్పియస్ అనే సన్యాసి రాసిన సెవెరినస్ జీవిత చరిత్రలో కనిపిస్తుంది. అది 511 ప్రాంతంలో రాసిన పుస్తకం. సరిహద్దు ఊళ్లలో సైనికులకి ప్రభుత్వ జీతం వచ్చేది. జీతాలు ఆగిపోయాక దళాలు ఒక్కొక్కటే చెదిరిపోయాయి, వాటితో పాటు సరిహద్దూ పోయింది. బటావిస్‌లో మాత్రం ఒక దళం మిగిలింది. ఆఖరి జీతం తెద్దామని అందులో కొందరు ఇటలీకి బయల్దేరారు, దారిలో హతమయ్యారు. ఆ సంగతి ఊళ్లో ఎవరికీ తెలీదు. నది వాళ్ల శవాలని ఒడ్డుకు తెచ్చాకే తెలిసింది. సామ్రాజ్యం అయిపోయిందన్న వార్త ఆ ఊరికి అలా చేరింది.

వేపురకకి అలాంటి వార్త రాలేదు. ఎందుకు రాలేదన్నదానికి శాసనంలోనే ఒక ఆధారం ఉందని నా చదువు. నోరికంలో సైనికుడు రాజధాని నుంచి వచ్చే జీతం మీద బతికాడు. జీతం తెగితే దళం పోయింది, దళం పోతే రక్షణ పోయింది. ఇక్కడ దళనాయకుడి చేతిలో ఒక ఊరు, అతని పైవాడి చేతిలో ఒక జనపదం ఉన్నాయి. పైనుంచి తెగిపోవడానికి ఏమీ లేదు. పై పేరు చెరిగిపోయినా కింది గొలుసు అలాగే నిలబడుతుంది. శాతవాహనులు కూలారు అనే క్రియ ఈ పరిస్థితికి సరిపోదు. వాళ్లు నెమ్మదిగా అనవసరమయ్యారు.

కృష్ణా తీరంలో తర్వాత జరిగినది దీనికి కొనసాగింపులాగే ఉంటుంది. విజయపురి నుంచి ఇక్ష్వాకు శాంతమూలుడు అశ్వమేధం చేసి రాజయ్యాడు. కానీ నాగార్జునకొండ స్తంభాల మీద ఎక్కువగా కనపడేది మహాసేనాపతులు, మహాతలవరులు, వాళ్ల ఇంటి ఆడవాళ్లు. శాంతమూలుడి చెల్లెలు శాంతిశ్రీ ఒక మహాతలవరుడి భార్య, మహాచైత్యానికి ముఖ్య దాత. కూతురు అడవి శాంతిశ్రీ ఇంకో మహాసేనాపతి భార్య. కింది గొలుసులోని బిరుదులే ఇప్పుడు రాజు బంధువర్గం. ఆ ‘తలవర’ని మన ‘తలారి’తో కలిపి చూసే పండితులున్నారు. అది నిజమైతే రాజుగారి అల్లుళ్లు పెట్టుకున్న మాట చివరికి ఊరి కాపలాదారు దగ్గరికి చేరింది. సామ్రాజ్యాల కంటే మాటలు ఎక్కువ దూరం నడుస్తాయి, కాకపోతే కిందికి.

నాగార్జునకొండలో నాకు అన్నిటికంటే ఇష్టమైన రచన ఉపాసిక బోధిసిరిది. రచన అనే అంటాను. వీరపురుషదత్తుడి 14వ ఏట వేయించిన దానశాసనం అది. అందులో ఆమె కట్టించినవన్నీ వరసగా వస్తాయి: ఇక్కడ చైత్యగృహం, కంటకసేలలో మహాచైత్యం దగ్గర మండపం, ఇంకోచోట చెరువు, మరోచోట స్తంభాలు. కంటకసేల అంటే ఇప్పటి ఘంటసాల. టోలెమీ భూగోళంలోకి కూడా ఎక్కిన రేవు. ఆమె చైత్యగృహం ఇచ్చింది తామ్రపర్ణి భిక్షువులకి. వాళ్లు కశ్మీరం, గాంధారం, చీనా, వంగం, యవన, దమిళ దేశాలని ప్రసన్నం చేసినవాళ్లని శాసనం చెప్తుంది. సామ్రాజ్యం పోయిన ఒకటి రెండు తరాలకే, ఒక ఊరి గృహిణి ఊహలో చీనా నుంచి యవనం దాకా లోకం ఉంది. అదే కొండ మీద ఉజ్జయిని నుంచి వచ్చిన రుద్రధర భట్టారిక ఒక స్తంభంతో పాటు 170 దీనారి మాషకాలు ఇచ్చింది. రోమన్ దినారియస్ పేరు కృష్ణ ఒడ్డున దానశాసనంలో రాయిగా మిగిలింది.

మా వైపు కూడా ఒకటుంది. జగ్గయ్యపేట స్తూపం దగ్గర, వీరపురుషదత్తుడి 20వ ఏట, సిద్ధార్థుడనే శిల్పి తూర్పు ద్వారం దగ్గర ఐదు ఆయక స్తంభాలు నిలబెట్టాడు. అతను శిల్పి కొడుకు. తల్లి నాగిలనిని ముందు పెట్టుకుని, భార్య సముదని, కొడుకు మూలసిరి, మిగతా ఇంటివాళ్లందరి పేర్లూ చెక్కించాడు. గాల్‌లో రోమన్ పాలన ముగింపు గురించి మనకి తెలిసింది చాలావరకు సిడోనియస్ లాంటి జమీందారు బిషప్పుల ఉత్తరాల నుంచి. అవి పోగొట్టుకున్నవాడి వాఙ్మయం. మన దగ్గర మిగిలింది ఇచ్చినవాళ్ల వాఙ్మయం. రెండింటికీ కంఠస్వరం వేరు, అందుకే కూలిపోవడం అనే ఒకే మూసలో రెండిటినీ పోయకూడదు.

తెలుగు చారిత్రక నవల ఈ కంఠస్వరాన్ని పట్టుకుందా? అడివి బాపిరాజు పట్టుకునే ప్రయత్నం చేశాడు. శాసనంలో ఉన్న ఒక పేరు తీసుకుని ‘అడవి శాంతిశ్రీ’ అని నవల రాయడం చిన్న విషయం కాదు. రాళ్ల మీద పేర్లని మనుషులుగా చూడటం మనకి నేర్పినవాళ్లలో ఆయన ముందుంటాడు. అయితే ఆయన చూపు రాజకుమారి మీద ఆగింది. ఆ తర్వాత మన చారిత్రక నవల కూడా ఎక్కువగా కోట లోపలే తిరిగింది. సిద్ధార్థుడి మీద, బోధిసిరి మీద, సంబ మీద నవల ఏది? వాళ్ల పేర్లూ రాయి మీదే ఉన్నాయి, రాజకుమారి పేరంత స్పష్టంగా.

దానశాసనాలని మరీ నెత్తిన పెట్టుకోనక్కర్లేదు. దాత తన గురించి తను చెప్పుకునేది శాసనం. సంబ తవ్వించాడు సరే, తవ్వినవాళ్ల పేర్లు లేవు. గుమికుడికి ఊరివాళ్లు ఏం కట్టారో లేదు. లాగ్‌లో ఏది రాయాలో ముందే ఎవరో నిర్ణయిస్తారు, మిగతాది ఎక్కడా ఉండదు. పైగా క్షీణత అబద్ధమేమీ కాదు. ఇక్ష్వాకుల తర్వాత విజయపురి తేరుకోలేదు. విహారాలకి దాతలు తగ్గారు. స్తంభాల మీద అంతమంది ఆడవాళ్ల పేర్లు తర్వాత మళ్లీ కనిపించవు. శాసనాల భాష ప్రాకృతం నుంచి సంస్కృతానికి, దానగ్రహీతలు భిక్షుసంఘం నుంచి బ్రాహ్మణులకి మారారు. శిల్పి తన తల్లి పేరు చెక్కించుకునే చోటు లేకపోవడం, నా లెక్కలో, రాజు పోవడం కంటే పెద్ద నష్టం. పతనం అనే మాట వాడాలంటే ఇక్కడ వాడాలి. దానికి పరీక్ష ప్రశ్నల్లో మార్కులు లేవు.

ఇదంతా నాకెందుకంటే, మాది పెనుగొలను, ఎన్టీఆర్ జిల్లా తిరువూరు వైపు. ఊరి పేరు విడదీస్తే పెద్ద కొలను. మా ప్రాంతం నాగార్జునసాగర్ ఎడమ కాలువకి చివరి భాగం, మూడో జోన్. 1955లో డ్యామ్‌కి పునాది పడింది. 1954 నుంచి 1960 దాకా తవ్వకాలు జరిపి, తీయగలిగినవి తీసి కొండ మీదికి, అనుపుకి తరలించారు, లోయ మునిగింది. అంటే బోధిసిరి నడిచిన నేల మీద నిలిచిన నీళ్ల కోసమే మా రైతులు ప్రతి ఏడూ ఎదురుచూస్తారు. 2014లో రాష్ట్రం రెండైంది. కాలువ పై భాగం ఒక ప్రభుత్వం కింద, మా చివరి భాగం ఇంకో ప్రభుత్వం కింద పడ్డాయి. హైదరాబాదులో దాని గురించి బోలెడు పుస్తకాలొచ్చాయి, గెలుపనీ ఓటమనీ. మా వైపు ఆ ప్రశ్న వేరే రూపంలో ఉంటుంది: ఈసారి నీళ్లు చివరిదాకా వస్తాయా?

మ్యాకదోని శాసనం నాకు నేర్పిన విమర్శ సూత్రం ఇదే. ఒక కాలం గురించి రాసిన ఏ పుస్తకం చేతికొచ్చినా, రాజు ఎక్కడున్నాడని కాకుండా క్రియాపదం ఎవరి చేతిలో ఉందని చూస్తాను. రేపెవరైనా మా ప్రాంతం చరిత్ర రాస్తే ముఖ్యమంత్రుల పేర్లు తేదీల కోసం ఎలాగూ వస్తాయి. ఆ చెరువులకి పూడిక తీసినవాళ్లెవరో, చివరి పొలానికి నీళ్లు చేరాయో లేదో కూడా రాయాలి. పద్దెనిమిది వందల ఏళ్ల కిందట, సామ్రాజ్యం అంచున ఒక బండ మీద శాసనం చెక్కినవాడికి, ఏది రాయదగ్గ సంగతో ఆపాటి తెలుసు.