సెన్సర్ మీద నేరం మోపే ముందు

స్కానర్ పెట్టగానే పి0118 అన్న కోడ్ కనబడితే చాలా షెడ్లలో తరువాతి మాట సిద్ధంగా ఉంటుంది: "కూలెంట్ సెన్సర్ పోయింది సార్, మార్చేద్దాం." కోడ్ మాత్రం ఆ మాట అనలేదు. కూలెంట్ ఉష్ణోగ్రత సర్క్యూట్‌లో వోల్టేజీ ఉండాల్సినదానికన్నా ఎక్కువగా ఉందని చెప్పి ఊరుకుంది. సర్క్యూట్‌లో సెన్సర్ ఒక భాగం మాత్రమే. దాని కప్లర్, కప్లర్‌లోని పిన్నులు, అక్కణ్ణుంచి ఇంజన్ కంట్రోల్ యూనిట్ దాకా పాకే రెండు వైర్లు, యూనిట్ లోపలి ఎర్త్ అన్నీ అందులోవే. వీటిలో ఎక్కడ తెగినా వచ్చేది అదే కోడ్. కారు తన లోపాన్ని తానే నమోదు చేసుకునే ఈ ఏర్పాటు మన దేశంలో 2010లో ఒక దశగా, 2013లో రెండో దశగా తప్పనిసరి అయింది. అంతకుముందు మెకానిక్‌కు ఆధారం చెయ్యి, చెవి, ఒక టెస్ట్ ల్యాంపు, ఉంటే ఒక మీటరు. అనుమానం వచ్చిన భాగాన్ని కొలిచి, పక్కదానితో సరిచూసి, అప్పుడుగానీ విప్పకపోవడం మంచి చేతుల అలవాటుగా ఉండేది. ఇక ఆ పద్ధతికి కాలం చెల్లిందని ఇప్పుడు తరచూ వినబడుతోంది. కూలెంట్ సెన్సర్ అనే ఈ చిన్న ముక్కను దగ్గరగా చూస్తే నాకు తేలింది వేరు: స్కానర్ చేతికొచ్చాకే ఆ పద్ధతి అవసరం పెరిగింది.

సెన్సర్ పని తీరు కష్టమైనది కాదు. దాని కొనలో ఉండేది థర్మిస్టర్. వేడెక్కేకొద్దీ దాని నిరోధం పడిపోతుంది. లోహపు తీగ తీరు దీనికి ఎదురు. వేడితో నిరోధం తగ్గే పదార్థాలున్నాయని మైకేల్ ఫారడే 1833లోనే సిల్వర్ సల్ఫైడ్ విషయంలో గమనించాడు. 1967లో ఫోక్స్‌వ్యాగన్ 1600 కార్లలో వచ్చిన బాష్ వారి డీ-జెట్రానిక్ పెట్రోలు ఇంజెక్షన్‌కు ఇంజన్ వేడి కబురు చేరవేసింది ఇలాంటి సెన్సరే. (విచిత్రమేమంటే ఆ ఇంజన్ గాలితో చల్లబడేది, అందులో కూలెంటే లేదు.) ఇప్పటికీ ఎక్కువగా కనబడే బాష్ రకం థర్మిస్టర్ 20 డిగ్రీల దగ్గర సుమారు 2,500 ఓంలు, 80 దగ్గర 320 చిల్లర, 100 దగ్గర 186 ఓంలు చూపిస్తుంది. అన్ని కార్లకూ ఇదే పట్టిక కాదుగానీ, వంపు మాత్రం ఇదే తీరు: చల్లగా ఉన్నప్పుడు నిటారుగా దిగి, వేడెక్కాక చదునవుతుంది. ఈ చదును సంగతి మళ్లీ వస్తుంది. సెన్సర్ ఎక్కడుందో వెతకడానికి పుస్తకం లేకపోయినా పర్వాలేదు. రేడియేటర్ పై గొట్టాన్ని పట్టుకుని ఇంజన్ వైపు వెళ్తే, చాలా కార్లలో అది హెడ్‌కు కలిసేచోట, థర్మోస్టాట్ హౌసింగ్ మీదో పక్కనో, రెండు పిన్నుల కప్లర్ తగిలించి ఉంటుంది. పాత మోడళ్లలో ఒక్క వైరుతో ఉన్న ఇంకో సెన్సర్ కూడా కనబడవచ్చు. అది డ్యాష్‌బోర్డులోని ముల్లుకు. రేడియేటర్ కింది భాగంలో ఉన్నది ఫ్యాన్ స్విచ్చి కావచ్చు. ముల్లు తప్పు చూపిస్తోందని రెండు వైర్ల సెన్సర్‌ను మార్చిన సందర్భాలు షెడ్లలో కొత్త కాదు.

కంట్రోల్ యూనిట్ 5 వోల్టులను తన లోపలి రెసిస్టర్ గుండా సెన్సర్‌కు పంపి, మధ్యలో మిగిలిన వోల్టేజీని చదువుతుంది. వైరు తెగితే 5 వోల్టులూ అలాగే నిలుస్తాయి; యూనిట్ దాన్ని భయంకరమైన చలిగా అర్థం చేసుకుని స్కానర్ తెర మీద మైనస్ 40 వేస్తుంది. ఆ అంకె ఎక్కడిదంటే, స్కానర్‌కు ఉష్ణోగ్రతను ఒకే బైట్‌లో, 0 నుంచి 255 దాకా అంకెగా పంపి, అందులోంచి 40 తీసేయాలన్నది ప్రమాణం. సున్నా వస్తే మైనస్ 40. లంబసింగిలో కూడా ఎన్నడూ చూడని చలి తెర మీద కనబడితే అది ఎక్కడో తెగిన తీగ సంగతేనని తెలిసిపోవాలి. దీనిమీదే నిలబడింది ఈ విద్యలోని చక్కని పరీక్ష. ఇగ్నిషన్ ఆన్‌లో ఉంచి కప్లర్ పీకితే తెర మీద అంకె మైనస్ 40కి పడాలి. కప్లర్‌లోని రెండు పిన్నులనూ చిన్న తీగతో కలిపితే 130, 140కి లేవాలి. రెండూ జరిగితే వైర్లూ యూనిట్టూ చాలావరకు నిర్దోషులు, అనుమానం సెన్సర్ మీదకి మళ్లుతుంది. కలిపినా అంకె కదలకపోతే ఎన్ని కొత్త సెన్సర్లు బిగించినా ప్రయోజనం లేదు. రెండు జాగ్రత్తలు చెప్పాలి. మూడు, నాలుగు పిన్నుల సెన్సర్లలో వైరింగ్ పటం చూడకుండా ఏ రెండింటినీ కలపకూడదు. కొన్ని యూనిట్లు తీగ తెగిందని గ్రహించగానే తమ సొంత అంకె, 80 లాంటిది, పెట్టేసుకుంటాయి. ఫ్యాన్‌ను కూడా ఆపకుండా తిప్పుతాయి. ఇంజన్ చల్లగా ఉండగానే ఫ్యాన్ తిరుగుతూ, తెర మీద కదలని 80 కనబడితే ఆ అంకె సెన్సర్ చెప్పినది కాదు.

పూర్తిగా తెగినదాన్ని స్కానర్ పట్టుకుంటుంది. సగం చెడినదే చిక్కు. కప్లర్ పిన్నుకు పచ్చగా చిలుము పట్టి, దారిలో 100 ఓంల అదనపు నిరోధం చేరిందనుకుందాం. ఉదయం 20 డిగ్రీల దగ్గర 2,500కు బదులు 2,600. యూనిట్‌కు కనబడేది 19 డిగ్రీలు. ఎవరూ పట్టించుకోరు, పట్టించుకోనక్కర్లేదు కూడా. అదే ఇంజన్ 90 డిగ్రీలకు చేరాక సెన్సర్ నిరోధం 243 ఓంలు. దానికి 100 కలిస్తే యూనిట్ 78 డిగ్రీలని చదువుతుంది. వంపు చదునైనచోట అవే 100 ఓంలు 12 డిగ్రీలు మింగేశాయి. ఫ్యాన్ 95 దగ్గర మొదలవ్వాలంటే యూనిట్‌కు సుమారు 212 ఓంలు కనబడాలి. అంటే సెన్సర్ తన వంతుగా 112కు దిగాలి. అది జరిగేది 120 డిగ్రీల దగ్గర. కూలెంట్‌కు బదులు మామూలు నీళ్లు పోసిన రేడియేటర్ అప్పటికే పొంగిపోతుంది, హెడ్ గాస్కెట్ ప్రమాదంలో పడుతుంది. ఈ మొత్తం వ్యవహారంలో ఒక్క కోడ్ కూడా రాకపోవచ్చు, ఎందుకంటే 19గానీ 78గానీ అసాధ్యమైన అంకెలు కావు. సెన్సర్ కూడా ఏ తప్పూ చేయలేదు. దీన్ని పట్టుకునే దారి ఒకటే: ఇంజన్ వేడి మీద ఉండగా, స్కానర్ అంకె రాసుకుని, వెంటనే కప్లర్ తీసి సెన్సర్ పిన్నుల మధ్య మీటరుతో కొలవడం. మీటరు 243 చూపించి, తెర 78 చెబితే, ఆ తేడా వైరింగ్‌లోనిది. చల్లగా ఉన్నప్పుడు ఒకసారి, వేడెక్కాక ఒకసారి కొలవాలని పాతవాళ్లు పట్టుబట్టింది ఇందుకే.

సెన్సర్ నిజం చెబుతోందా అని సెన్సర్‌నే అడిగి లాభం లేదు; వేరే సాక్షి కావాలి. మొదటి సాక్షి ఖర్చు లేనిది. రాత్రంతా ఆగి ఉన్న కారులో, ఎండ పడకముందు, ఇంజన్ తిప్పకుండా ఇగ్నిషన్ మాత్రం ఆన్ చేస్తే కూలెంట్ ఉష్ణోగ్రతా, లోపలికి పీల్చే గాలి ఉష్ణోగ్రతా ఒకదానికొకటి మూడు నాలుగు డిగ్రీల లోపు ఉండాలి. గోడ మీది థర్మామీటరుతో కూడా కలవాలి. రెండో సాక్షి అరచెయ్యి. ఇంజన్ వేడెక్కుతుండగా పై గొట్టం చల్లగా ఉండి, ఒక దశలో గబుక్కున కాలితే థర్మోస్టాట్ తెరుచుకుందన్నమాట. సాధారణంగా అది 82 నుంచి 90 డిగ్రీల మధ్య. ఆ క్షణంలో తెర 60 చూపిస్తుంటే ఎవరో ఒకరు అబద్ధమాడుతున్నారు. (ఫ్యాన్ ఎప్పుడైనా తిరగవచ్చు, చేతినీ చొక్కా అంచునూ దానికి దూరంగా పెట్టాలి. వేడి మీద రేడియేటర్ మూత తీయకూడదని వేరే చెప్పక్కర్లేదు.) ఇన్‌ఫ్రారెడ్ గన్‌తో చూసేవాళ్లు నిగనిగలాడే అల్యూమినియం మీద గురిపెడితే అంకె చాలా తక్కువ వస్తుంది, ఆ చోట నల్ల ఇన్సులేషన్ టేపు ముక్క అంటించి దానిమీద కొలవాలి. ఇక ఆఖరి తీర్పు కావాలంటే సెన్సర్‌ను విప్పి గిన్నెడు నీళ్లలో థర్మామీటరుతో పాటు ముంచి, పొయ్యి మీద మెల్లగా కాస్తూ పది డిగ్రీలకోసారి ఓంలు రాసుకోవడమే. వంపు నునుపుగా దిగాలి. మధ్యలో ఎక్కడైనా ఎగిరితే ఆ సెన్సర్ పనికిరాదు. విజయవాడలో నీళ్లు 100 దగ్గర మరిగితే సముద్రమట్టానికి అయిదువందల మీటర్ల పైనున్న హైదరాబాదులో 98 దగ్గరే మరుగుతాయి కాబట్టి, మరగడమే 100 అనుకుని పట్టిక చూడకూడదు.

ఇవన్నీ చేసినా సెన్సర్ నిర్దోషి అని తేలడం తరచూ జరిగేదే, ఎందుకంటే అది చెప్పే వార్త నచ్చనప్పుడు నింద పడేది దాని మీదే. మన ఎండలకు భయపడి థర్మోస్టాట్ వాల్వును పీకి పారేయడం ఇక్కడి షెడ్లలో పాత అలవాటు. పాత కార్బొరేటర్ బండ్లకు దానివల్ల నష్టం పెద్దగా కనబడలేదు. ఇంజెక్షన్ బండిలో అలా చేస్తే హైవే మీద కూలెంట్ 65, 70 దగ్గరే ఆగిపోతుంది, ఇంజన్ ఇంకా వేడెక్కలేదనుకుని యూనిట్ పెట్రోలు ఎక్కువ పోస్తుంది, మైలేజీ పడిపోతుంది, కొన్నాళ్లకు పి0128 కోడ్ వస్తుంది. సెన్సర్ చెప్పిన 68 అక్షరాలా నిజం. దాన్ని మార్చి బిల్లు వేస్తే కొత్తదీ 68 అనే అంటుంది. ఇంకో పక్క, కూలెంట్ కారిపోయి సెన్సర్ కొన గాలిలో తేలుతుంటే, ఇంజన్ ఉడికిపోతున్నా అది తక్కువే చూపిస్తుంది. గొట్టాల్లో గాలి బుడగ చిక్కుకుంటే అంకె పైకీ కిందికీ గెంతుతుంది. సెన్సర్‌ను నమ్మలేక ఫ్యాన్‌ను ఇగ్నిషన్‌కు 'డైరెక్ట్' చేసేసిన బండ్లలో అసలు లోపం ఏళ్ల తరబడి దాగి ఉంటుంది. డ్యాష్‌బోర్డు ముల్లును సాక్ష్యంగా తీసుకోవడం మరీ ప్రమాదం: ఇప్పటి చాలా కార్లలో 75 నుంచి 105 దాకా ఎంత ఉన్నా ముల్లు నడిమధ్యే నిలబడేలా కావాలనే అమర్చారు, డ్రైవర్లు కంగారు పడకుండా. ఊరిని బట్టి కూడా లోపం రంగు మారుతుంది. ఎప్పుడూ వేడిగా ఉన్నట్టే చెప్పే సెన్సర్ లంబసింగిలో డిసెంబరు తెల్లవారుజామున ఇంజన్‌ను స్టార్ట్ కానివ్వదు. రెంటచింతలలో మే నెలలో ఆ లోపం బయటపడటమే కష్టం.

దీనికి వచ్చే అభ్యంతరాల్లో బలమైనది డబ్బు లెక్క. కొన్ని వందల రూపాయల సెన్సర్ కోసం గంటసేపు కొలతలా, మార్చి చూస్తే పోదా అంటారు. కొన్నిచోట్ల ఆ మాట నిజం: ఎదురుగా కనబడే సెన్సర్, పగిలిన ప్లాస్టిక్, నీటి పరీక్షలో తేలిన తప్పుడు వంపు ఉంటే ఆలోచించాల్సింది లేదు. మిగతాచోట్ల లెక్క తిరగబడుతుంది. మార్చడానికి కప్లర్ తీసి పెట్టగానే పిన్నుల చిలుము కాస్త రాలి, నాలుగు రోజులు అంతా బాగున్నట్టు ఉంటుంది. కొత్త సెన్సర్‌కు ఆ పేరు దక్కుతుంది. వర్షాకాలంలో సమస్య తిరిగొస్తుంది. పైగా విప్పినప్పుడు కారిన కూలెంట్ చోట గాలి చేరి, లేని రోగాన్ని తెచ్చిపెడుతుంది. కప్లర్ పీకి, తీగ కలిపి చూడటానికి పట్టేది నిమిషాలే. రెండో అభ్యంతరం, కొత్త స్కానర్లు వంపులు గీసి చూపిస్తాయి కదా అన్నది. చూపిస్తాయి, అవి మంచి పనిముట్లే. ఉదయపు సరిపోలికకు ఫోనుకు జతయ్యే చిన్న బ్లూటూత్ స్కానర్ చాలు. అయితే తెర మీది ప్రతి అంకే ఆ సర్క్యూట్ గుండానే వచ్చింది. దారిలో చేరిన 100 ఓంల గురించి ఆ తెర ఎప్పటికీ చెప్పలేదు. మూడోది మెకానిక్‌ల వైపునుంచి వచ్చే న్యాయమైన ఫిర్యాదు: ఏ కారు సెన్సర్‌కు ఏ పట్టికో కంపెనీ చెప్పకపోతే సరిపోల్చేది దేనితో? బయటి షెడ్లకు విడిభాగాలూ డయాగ్నస్టిక్ పనిముట్లూ అందకుండా చేస్తున్నారని తేల్చి కాంపిటీషన్ కమిషన్ 2014 ఆగస్టులో 14 కార్ల కంపెనీలకు 2,500 కోట్ల రూపాయలకు పైగా జరిమానా వేసింది. తరువాత ఆ వ్యవహారం అప్పీళ్లకు వెళ్లింది. పట్టిక దొరకడం హక్కే. దొరకనప్పుడు కూడా పైన చెప్పిన సాక్షుల్లో చాలావరకు పట్టిక అడగవు: తెల్లవారుజామున రెండు అంకెలు కలవడానికీ, గొట్టం కాలిన క్షణం గుర్తించడానికీ, గిన్నెలో వంపు నునుపుగా దిగుతోందో లేదో చూడటానికీ కంపెనీ అనుమతి అక్కర్లేదు. అదే మోడల్ మంచి కారు పక్కన ఉంటే దాని సెన్సర్ నిరోధమే పట్టిక.

మార్చాల్సి వస్తే ఇంజన్ పూర్తిగా చల్లారాకే విప్పాలి, సీలు వాషరు కొత్తది వేయాలి, గాలి పూర్తిగా వదిలించాలి, ఫ్యాన్ రెండు విడతలు తిరిగి ఆగేదాకా బండిని నిలబెట్టి ఉంచాలి. తరువాత మర్నాడు ఉదయం కొత్త సెన్సర్‌కూ అవే ప్రశ్నలు వేయాలి. అది కూడా పాతది చూపిన అంకెలే చూపిస్తే, పాతదాన్ని పారేయకుండా తుడిచి డిక్కీలో స్పేరుగా వేసుకుని, చేతిలోని మీటరును వైరింగ్ వైపు తిప్పడం మిగులుతుంది.