ఇరుసు మీద బరువు

బాగేపల్లి మీదుగా 44వ నంబరు హైవే మీద అనంతపురం వైపు గాలిమర రెక్క వెళ్తుంటే, వెనకాల బస్సుల్లో విసుక్కుంటారు. నాకు మాత్రం ఆ బండి మీద గౌరవం. ముందు పైలట్ జీపు, తోకకు ఎర్రజెండా, కరెంటు తీగల్ని కర్రతో పైకెత్తి పట్టుకునే మనిషి. మామూలు లారీ వెడల్పు 2.6 మీటర్లు దాటకూడదు. దాటితే నేషనల్ హైవే మీద కేంద్ర రవాణా శాఖ అనుమతి కావాలి. అదీ ముక్కలు చేయడానికి వీల్లేని సరుకుకే.

అందులో అసలు లెక్క వంతెనది. ఇండియన్ రోడ్స్ కాంగ్రెస్ వంతెనల కోసం 385 టన్నుల ప్రత్యేక వాహనానికి లెక్క కట్టింది. అది వంతెన నడిమధ్యన, ఒంటరిగా, గంటకు 5 కిలోమీటర్లు మించకుండా, బ్రేకు వేయకుండా దాటాలి. పక్కకు జరిగితే ఆ వైపు దూలాలే ఎక్కువ మోయాలి. బ్రేకు కొడితే ఆ తోపు కింది స్తంభాల దాకా పోతుంది. వంతెన తట్టుకోలేదంటే వేరే దారి వెతకాల్సిందే. 2018 చివర్లో వందవాసి దగ్గరి కొరకోట్టై నుంచి బెంగళూరు ఈజీపురకు బయల్దేరిన ఏకశిల 300 టన్నులు పైమాటే. 240 చక్రాల బండి మీదున్నా, నదిలో మట్టిదారి వేసి దాటించాల్సి వచ్చింది. 2019 నడుమకు గానీ అది చేరలేదు.

నా భయం ఇలాంటి పెద్ద బండ్ల గురించి కాదు, చింతామణి, చిక్కబళ్లాపుర రోడ్ల మీద పొర్లిపోయేలా నింపుకుని పరుగెత్తే జల్లి టిప్పర్ల గురించి. పెద్ద బండిలో బరువు పదుల ఇరుసులకు పంచుకుపోతుంది. చక్రం గుంతలో దిగినా హైడ్రాలిక్ ఆయిల్ ఆ పంపకాన్ని చెడనివ్వదు. టిప్పర్‌లో ఎక్కువేసిన జల్లి చాలావరకు వెనక ఇరుసుల మీదే పడుతుంది. 1958-60లో అమెరికాలోని ఇల్లినాయిలో లారీలు నడిపి పరీక్షించారు. ఇరుసు బరువు పెరిగితే రోడ్డు దెబ్బ దాదాపు నాలుగో ఘాతంలో పెరుగుతుందని తేలింది. అంటే 20 శాతం ఎక్కువేస్తే దెబ్బ రెట్టింపు! జంట ఇరుసుల పరిమితిని 2018లోనే 19 నుంచి 21 టన్నులకు పెంచారు. అదీ చాలదంటే ఎలా? జల్లిని రెండు బండ్లకు పంచవచ్చు కదా.

మోటారు వాహనాల చట్టం 194వ సెక్షన్ ప్రకారం ఎక్కువ బరువుకు జరిమానా 20,000 రూపాయలు, ఆపైన ప్రతి అదనపు టన్నుకూ 2,000. ఎక్కువైన సరుకు దించేదాకా బండి కదలకూడదు. ఆ దించేదేదో జల్లి నింపే క్రషర్ గేటు లోపలే, కాటా మీదే జరగాలి. డ్రైవరన్న తోలేది ఇంకొకరు నింపించిన బరువు. చట్టం నడిపినవాణ్నే కాదు, నడిపించినవాణ్నీ పట్టుకోమంటోంది. కేసు రాసేటప్పుడు ఆ రెండో పేరూ రాయాలి.