కాంతిని వెనుక వేసిన కాలయంత్రం

శ్రీకృష్ణదేవరాయలు కళింగ దండయాత్రకు వెళుతూ విజయవాటిలో కొన్నాళ్ళు విడిసినట్లు ‘ఆముక్తమాల్యద’ అవతారికలో చెప్పుకొన్నాడు. అక్కడినుంచి కృష్ణ దిగువనున్న శ్రీకాకుళానికి పోయి ఆంధ్రమహావిష్ణువును సేవించినాడు. విజయవాటి అంటే నేటి విజయవాడే. ఆ విడిది ఇంద్రకీలాద్రి పాదాన, ఇప్పుడు వన్‌టౌన్ అంటున్న పాత బెజవాడలోనే ఉన్నదనుకుందాం. ఆనాటి గుడారాలమీద పడి తిరిగి ఆకాశంలోకి పోయిన ఎండ ఇప్పుడు ఎక్కడ ఉన్నది?

సింగీతం శ్రీనివాసరావు దర్శకత్వంలో 1991లో వచ్చిన ‘ఆదిత్య 369’ చిత్రాన్ని శాస్త్రదృష్టితో విమర్శించేవారు మొదట వేసుకోవలసిన ప్రశ్న ఇదే. ప్రొఫెసర్ రామదాసు నిర్మించిన కాలయంత్రంలో కృష్ణకుమార్, హేమ 1526కు, అంటే రాయల కాలానికి పోతారు. తిరుగు ప్రయాణంలో దారి తప్పి 2504కు చేరుతారు. అప్పటికి మూడవ ప్రపంచయుద్ధం ముగిసి, జనం భూగర్భంలో బ్రతుకుతూ ఉంటారు. రాయలుగాను, కృష్ణకుమార్‌గాను నటించినది నందమూరి బాలకృష్ణే. ఎచ్. జి. వెల్స్ 1895లో ప్రచురించిన ‘టైమ్ మెషీన్’ నవల దీనికి మూలప్రేరణ. 2025లో ఈ చిత్రం మళ్ళీ థియేటర్లకు వచ్చింది. దీన్ని చూసిన విద్యార్థి తరగతిలో లేచి “మేష్టారూ, నిజంగా అలా పోవచ్చునా?” అని అడిగితే, “అంతా కట్టుకథ, కూర్చోవోయ్” అనడం సులభమే. కాని ఆ జవాబు పూర్తిగా ఒప్పు కాదు.

ప్రేక్షకులు 1526 ఘట్టాన్ని ఇట్టే నమ్ముతారు. రాయలు తెలిసినవాడు, తెనాలి రామకృష్ణుడు మరీ తెలిసినవాడు. 2504 మాత్రం వట్టి ఊహగా తోస్తుంది. భౌతికశాస్త్రం ఇచ్చే తీర్పు దీనికి సరిగ్గా తలక్రిందులు.

గతాన్ని చూడడంలో వింత ఏమీ లేదు. ప్రకాశం బారేజి పొడవు సుమారు 1,220 మీటర్లు. ఆవలి కొసను సీతానగరం వైపు నిలిచిన మనిషి వన్‌టౌన్ వైపు వారికి కనిపించేది సెకనులో పదిలక్షలవ వంతులు నాలుగు గడచిన తరువాతనే. సూర్యుడు కనిపించేది సుమారు 500 సెకన్ల క్రిందటి సూర్యుడు. జ్యేష్ఠమాసపు పున్నమినాడు చంద్రుని దాపున ఎర్రగా మెరిసే జ్యేష్ఠా నక్షత్రం సుమారు 550 కాంతి సంవత్సరాల దూరాన ఉన్నది. అంటే ఈ రాత్రి దుర్గగుడి మెట్లమీదనుంచి చూసేవారి కంటిని తాకే దాని వెలుగు, కొంచెం ఇటు అటుగా, రాయలు పుట్టిన రోజులలో బయలుదేరినది. పాత వెలుగు తనంతట తానే వస్తున్నది. అయితే అది దూరదేశపు గతం.

సొంత ఊరి గతం సంగతి వేరు. రాయల గుడారాలనుంచి బయలుదేరిన వెలుగు ఏటా 9.46 లక్షల కోట్ల కిలోమీటర్ల చొప్పున పోతూ, ఇప్పటికి 500 కాంతి సంవత్సరాలు దాటిపోయింది. దాన్ని మళ్ళీ పట్టుకోవాలంటే కాంతిని మించిన వేగం కావాలి. అంత వేగం ఏ పదార్థానికీ సాధ్యం కాదని సాపేక్ష సిద్ధాంతం. పోనీ, ఎలాగో దాటిపోయి ఎదురు నిలిచినా దక్కేది దృశ్యం మాత్రమే. రాయలతో మాట్లాడడం కుదరదు. చూడడం ఒకటి, అక్కడికి పోవడం ఒకటి. చిత్రం రెండింటిని కలిపివేసింది. సాపేక్ష సమీకరణాలకు గతంలోకి మళ్ళే మార్గం గల సాధనను 1949లో గోడెల్ చూపిన మాట నిజం. అందుకు విశ్వమంతా భ్రమణం చెందుతూ ఉండాలి. మన విశ్వం అటువంటిదనడానికి ఆధారం లేదు.

ఇక భవిష్యత్తు. అక్కడికి పోయే ప్రయాణికులు ఇప్పుడూ ఉన్నారు. విశ్వకిరణాలు వాతావరణాన్ని తాకినపుడు సుమారు 15 కిలోమీటర్ల ఎత్తున మ్యూయాన్లనే కణాలు పుడతవి. వాటి సగటు ఆయువు సెకనులో పదిలక్షలవ వంతులు రెండుంబావు కూడా లేదు. ఆ వ్యవధిలో కాంతి అయినా 660 మీటర్లకు మించి పోలేదు. అయినా అవి నేలదాకా దిగుతున్నవి. కృష్ణ ఒడ్డున అరచేయి చాచితే సెకనుకు ఒకటి రెండు దానిగుండా దూసుకుపోతవి. కాంతివేగానికి దగ్గరగా పోతున్నందున వాటి గడియారం మన లెక్కకు నెమ్మదిగా నడుస్తున్నది. 1971లో హాఫెలె, కీటింగ్ పరమాణు గడియారాలను విమానాలలో భూమి చుట్టూ త్రిప్పి, గడియారాల తేడా సిద్ధాంతం చెప్పినట్లే ఉన్నదని చూపినారు.

ఈ లెక్క చిత్రానికి వర్తింపజేయవచ్చు. 1526నుంచి 2504కు 978 ఏళ్ళు. ప్రయాణికులకు ఒక్క ఏడాదే గడవాలంటే, వారి వాహనం కాంతికంటె సెకనుకు సుమారు 157 మీటర్లు మాత్రమే తక్కువ వేగంతో పోయి రావాలి. ఒక్క కిలోగ్రామును ఆ వేగానికి తేవడానికి పట్టే శక్తిని ఇబ్రహీంపట్నం థర్మల్ కేంద్రపు మొదటి ఏడు యూనిట్లు, 1,760 మెగావాట్లు, నిర్విరామంగా నడిచి ఇవ్వాలంటే దాదాపు 1,580 ఏళ్ళు పడుతుంది. ఇది దుస్సాధ్యమే. అయినా ప్రకృతి నియమం అడ్డు చెప్పడంలేదు. విద్యార్థులు ఈ తేడా గ్రహించడం చాలా అవసరం.

చిత్రంలో ఉన్నవి మూడు ప్రయాణాలు: 1991నుంచి 1526కు, అక్కడినుంచి 2504కు, మళ్ళీ సొంత కాలానికి. మొదటిది కుదరదు. మూడవదీ గతంలోకి ప్రయాణమే, కనుక అదీ కుదరదు. ప్రేక్షకులు ఇంటికి తిరిగివచ్చిన సంతోషంలో దీన్ని గమనించరు. భౌతికశాస్త్రం అనుమతించేది నడిమిది ఒక్కటే. తమాషా ఏమంటే, కృష్ణకుమార్ బృందం కోరకుండా, పొరపాటున చేసిన ప్రయాణం అదే.