నూటికి రెండు పాళ్ల ఉప్పు

జర్మనీలో చలికాలపు భోజనంగా పేరుపడిన సాసేజ్, పుల్ల క్యాబేజీల జోడీని బయటివారు తరచు మొరటు తిండిగా, కడుపు నింపడం తప్ప వేరే ప్రయోజనం లేనిదిగా లెక్కగడతారు గాని, ఆ పళ్లెంలోని రెండు పదార్థాలూ తయారయ్యే తీరును దగ్గరగా చూస్తే ఆ అభిప్రాయం నిలవదు. క్యాబేజీకీ, మాంసానికీ కూడా బరువులో నూటికి ఇంచుమించు రెండు పాళ్ల ఉప్పే పడుతుంది; అయితే ఆ ఉప్పు క్యాబేజీలోని నీటిని బయటికి లాగుతుంది, మాంసంలోని నీటిని మాత్రం బయటికి పోనీయకుండా పట్టి ఉంచుతుంది. ఒకే కొలతతో రెండు విరుద్ధమైన పనులు చేయించుకోవడమే ఈ వంటలోని అసలు విద్య. మసాలా, వేపుడు, వడ్డన దాని తరవాతివే.

పుల్ల క్యాబేజీని జర్మన్లు సావర్‌క్రౌట్ అంటారు. 'సావర్' అంటే పుల్లనిది. 'క్రౌట్' అనే మాటకు ఆకు, మూలిక అనే అర్థాలున్నా దక్షిణ జర్మనీ వాడుకలో అది క్యాబేజీకే స్థిరపడింది. శరదృతువులో కోతకొచ్చే గట్టి తెల్ల క్యాబేజీ ఇందుకు పనికొస్తుంది. ష్టుట్‌గార్ట్ నగరానికి దక్షిణాన ఉన్న ఫిల్డర్ మైదానంలో కొనదేలిన శంకువు ఆకారంలో ఒక రకం పండుతుంది; ఆకు పలచన, ఈనె మెత్తన కావడం వల్ల పులియబెట్టడానికి దాన్ని మేలుజాతిగా ఎంచుతారు, 2012లో యూరోపియన్ యూనియన్ దానికి భౌగోళిక గుర్తింపు కూడా ఇచ్చింది. ఆస్ట్రియాలోని మోంటాఫోన్ లోయ నుంచి పెద్ద తరుగుడుపీటలను వీపున మోసుకుని వచ్చే కూలీలు ఒకప్పుడు జర్మన్ ఊళ్లలో ఇల్లిల్లూ తిరిగి క్యాబేజీ తరిగిపెట్టి వెళ్లేవారంటే, ఏటా ఒక్కో ఇంటికి ఎంత పట్టేదో ఊహించుకోవచ్చు.

తయారీ పద్ధతి చెప్పడానికి తేలిక. మధ్యనున్న మోడు తీసేసి, ఆకును నూలుపోగుల్లా తరిగి, కిలోకు 20 గ్రాముల చొప్పున ఉప్పు చల్లి, నీరు ఊరేదాకా చేత్తో పిసికి, జాడీలో పొరలుపొరలుగా కుక్కి, పైన బరువురాయి పెడతారు. ఉప్పు ఆకు కణాల్లోని నీటిని లాగేస్తుంది, ఆ నీరే తరుగును ముంచెత్తుతుంది, ముంచెత్తడం వల్ల గాలి చొరబడదు, గాలి లేని చోట బూజూ, కుళ్లు పుట్టించే సూక్ష్మజీవులూ బతకలేవు. వాటికి బదులు, ఆకుకు పుట్టుకతోనే అంటి ఉన్న లాక్టిక్ ఆమ్లపు బాక్టీరియా విజృంభించి, క్యాబేజీలోని చక్కెరలను పులుపుగా మారుస్తాయి. బయటి నుంచి తోడు వేయనక్కరలేదు.

ఈ పని ఒక్క జాతి బాక్టీరియాతో ముగియదు. మొదటి రోజుల్లో ల్యూకోనాస్టాక్ మెసెంటిరాయిడిస్ అనేది బుడగలు పుట్టిస్తూ, జాడీలో మిగిలిన గాలిని కార్బన్ డయాక్సైడ్‌తో వెళ్లగొట్టి, కొద్దిగా పులుపెక్కించి, ఆ పులుపుకు తానే తట్టుకోలేక తగ్గిపోతుంది; అప్పుడు అంతకంటే పులుపును ఓర్చుకునే లాక్టోబాసిల్లస్ జాతులు అందుకుని పని పూర్తిచేస్తాయి. తెలుగిళ్లలో రాత్రి రుబ్బి ఉంచిన ఇడ్లీ పిండిని తెల్లారేసరికి పొంగించే బాక్టీరియాలో ముఖ్యమైనది కూడా ఈ ల్యూకోనాస్టాక్ మెసెంటిరాయిడిసే కావడం గమనించదగ్గది. 18 నుంచి 21 డిగ్రీల సెల్సియస్ వేడిలో క్యాబేజీ పూర్తిగా పులియడానికి నాలుగు వారాలకు అటూ ఇటూ పడుతుంది. వేడి పెరిగితే పులుపు తొందరగా వస్తుంది గాని వాసన, కరకర రెండూ పోతాయి. కాబట్టి కోస్తాలోనో, హైదరాబాదులోనో ప్రయత్నించదలచినవారు చలికాలాన్ని ఎంచుకోవడం మంచిది.

ఉప్పు కొలత విషయంలో అలసత్వం పనికిరాదు. తగ్గితే ఆకు మెత్తబడి జిగురు కడుతుంది, పెరిగితే మేలుచేసే బాక్టీరియా కూడా స్తంభించిపోతుంది. ఆవకాయలో ఉప్పు ఇంతకు ఎన్నో రెట్లు, దానికి తోడు నూనె, ఆవపిండి ఉంటాయి. అక్కడ ఉప్పే కాపలా కాస్తుంది. ఇక్కడ ఉప్పు కాపలాదారు కాదు, కాపలాదారు వచ్చేదాకా తలుపు దగ్గర నిలబడే మనిషి. ఆ తరవాత ఏడాది పొడుగునా క్యాబేజీని కాపాడేది పులుపే.

తాజా కూరలు దొరకని ఉత్తర యూరప్ చలికాలంలో ఈ జాడీ విలువ ఎంతటిదో వేరే చెప్పనక్కరలేదు గాని, సముద్రం మీద అది ఇంకా స్పష్టంగా తేలింది. విటమిన్ సి లోపించి చిగుళ్లు కుళ్లి నావికులు చచ్చిపోయే స్కర్వీ వ్యాధికి భయపడి, 1768లో బయల్దేరిన ఎండెవర్ ఓడలోకి కెప్టెన్ జేమ్స్ కుక్ వేల పౌండ్ల సావర్‌క్రౌట్ ఎక్కించాడు. అలవాటులేని తిండిని నావికులు ముట్టరని తెలిసి, దాన్ని రోజూ అధికారుల బల్లపై వడ్డింపజేసి, మిగిలినవారు ఇష్టమైతేనే తినవచ్చునన్నాడు. వారం తిరగకముందే అందరికీ కొలిచి పంచాల్సి వచ్చిందని తన దినచర్యలో రాసుకున్నాడు. విటమిన్ సి అనే పదార్థాన్ని శాస్త్రజ్ఞులు గుర్తించడానికి అప్పటికింకా నూటయాభై ఏళ్లకు పైగా ఉంది. అయితే ఆ విటమిన్ పచ్చి సావర్‌క్రౌట్‌లోనే సమృద్ధిగా ఉంటుందనీ, గంటసేపు ఉడికించిన దానిలో చాలావరకు నశిస్తుందనీ ఈ భోజనాన్ని ఔషధంగా ప్రచారం చేసేవారు మరచిపోతుంటారు.

ఇక సాసేజ్ సంగతి. జర్మన్ కసాయివారు సాసేజ్‌లను మూడు తెగలుగా విడదీస్తారు: పచ్చిమాంసాన్ని ఉప్పుతో, పొగతో ఆరబెట్టేవి, ముందే ఉడికిన మాంసంతో చేసేవి, పచ్చి కైమాను పేగులో నింపిన తరవాత వేడినీళ్లలో ఉడికించేవి. క్యాబేజీతో వడ్డించే వాటిలో ఎక్కువగా కనిపించే బ్రాట్‌వుర్స్ట్ సాధారణంగా ఈ మూడో తెగకు చెందినదే. ఆ పేరులోని 'బ్రాట్' వేపుడు అనే అర్థమిచ్చే మాట నుంచి వచ్చిందని జర్మన్లే చాలామంది అనుకుంటారు గాని, నిజానికి సన్నగా కొట్టిన కైమాకున్న పాత పేరు 'బ్రేట్' నుంచి పుట్టింది. ఆ పేరే కసాయివాడి పనితనం ఎక్కడుందో చెబుతుంది.

కైమాకు ఉప్పు కలిపి పిసికినప్పుడు కండలోని మయోసిన్ అనే మాంసకృత్తు కరిగి జిగురుగా బయటికొచ్చి, కొవ్వు రేణువుల చుట్టూ పొరగా అల్లుకుంటుంది. వేడి తగలగానే ఆ పొర గట్టిపడి, కొవ్వునూ నీటినీ వలలో చేపల్లా బిగించి పట్టుకుంటుంది. కొరికితే రసం చిందే సాసేజ్‌కూ, ఇసుకలా రాలిపోయే సాసేజ్‌కూ తేడా ఇదొక్కటే. పిసికేటప్పుడు కైమా వెచ్చబడితే కొవ్వు కరిగి జిగురు విడిపోతుంది కనుక, 12 డిగ్రీలు దాటనీయకుండా గిన్నెనూ కత్తులనూ చల్లబరచి, మెత్తటి కైమాలో నీటికి బదులు మంచుతురుము కూడా కలుపుతారు. క్యాబేజీకి ఓపిక ఎంత అవసరమో సాసేజ్‌కు చల్లదనం అంత అవసరం.

ఊరికో సాసేజ్ ఉన్న ఆ దేశంలో రెండింటికి పాత పేరుంది. తూరింగియా ప్రాంతపు సాసేజ్ కనీసం 15 సెంటీమీటర్ల పొడవుంటుంది. ఆ ప్రాంతంలోని ఆర్న్‌ష్టాట్ పట్టణపు కన్యాస్త్రీల మఠం లెక్కల్లో, బ్రాట్‌వుర్స్ట్‌కు పేగులు కొన్నందుకు ఒక గ్రోషెన్ ఖర్చు రాసిన పద్దు 1404 నాటిది. న్యూరెంబర్గ్ సాసేజ్ వేలెడంతే: 7 నుంచి 9 సెంటీమీటర్లు, 20 నుంచి 25 గ్రాములు, సన్నటి గొర్రెపేగు తొడుగు. ఊరి ద్వారాలు మూశాక తాళపు కన్నంలోంచి అందించడానికి అంత చిన్నగా చేశారని అక్కడ ఒక కథ చెబుతారు. నమ్మనక్కరలేదు గాని వినడానికి బాగుంటుంది. న్యూరెంబర్గ్ సాసేజ్‌కు ప్రత్యేక పరిమళం ఇచ్చే మూలిక తెలుగువారు మల్లెలతో, కనకాంబరాలతో కలిపి మాల కట్టే మరువమే. ఇక్కడ కొప్పులోకి ఎక్కిన మొక్క అక్కడ కైమాలోకి చేరింది.

వంటకు వస్తే, పొయ్యి మీద ముందెక్కవలసింది క్యాబేజీ. నలుగురికి 800 గ్రాముల సావర్‌క్రౌట్ సరిపోతుంది. మరీ పుల్లగా ఉంటే ఒక్కసారి నీళ్లలో జాడించవచ్చు గాని, రుచినంతా తొట్టిలో పారబోసినట్లు పదేపదే కడగడం తప్పు. పందికొవ్వులోగాని వెన్నలోగాని ఒక ఉల్లిపాయను రంగు మారకుండా మగ్గించి, ఒక యాపిల్ తరుగూ, క్యాబేజీ వేసి, గ్లాసుడు తెల్ల వైన్ లేదా యాపిల్ రసం పోసి, ఒక లారెల్ ఆకు, అయిదారు జూనిపర్ పళ్లు, చిటికెడు కారవే గింజలు చేర్చి, మూతపెట్టి సన్నని సెగ మీద ముప్పావుగంట నుంచి గంటదాకా ఉంచాలి. జూనిపర్ అనేది ఒక సతత హరిత పొదకు కాసే నల్లని ఎండుకాయ, దానికి దేవదారు వాసన ఉంటుంది; కారవే గింజ రూపంలో షాజీరాను పోలి, రుచిలో దానికి దగ్గరగా ఉంటుంది. చివర్లో ఒక చిన్న పచ్చి బంగాళదుంపను తురిమి కలిపితే దాని పిండి నీటిని చిక్కబరచి, పులుపు పదును తగ్గిస్తుంది. మాంసం తిననివారికి ఇంతవరకు ఏ ఇబ్బందీ లేదు; వెన్నతో లేదా నూనెతో వండిన ఈ కూరను ష్వాబియా ప్రాంతంలో బంగాళదుంప పిండితో చేసిన వేలెడేసి ముద్దలతో కలిపి వేయించి, దాన్నే పూర్తి భోజనంగా తింటారు.

సాసేజ్‌ను మరిగే నీళ్లలో వేయడం కొత్తవారు చేసే పెద్ద తప్పు. నీరు తెర్లితే తొడుగు పగిలి లోపలి రసమంతా గిన్నెపాలవుతుంది. పచ్చి సాసేజ్ అయితే ఆవిరి లేస్తూ కదలకుండా ఉండే, 75 డిగ్రీలకు మించని నీళ్లలో లోపలిదాకా ఉడికించి, తుడిచి, ఆ తరవాత కొద్ది కొవ్వుతో మధ్యస్థమైన మంట మీద నాలుగు వైపులా ఎర్రగా కాల్చాలి. ఫోర్కుతో పొడిచి రంధ్రాలు చేయడం అనేది ఎవరు మొదలుపెట్టారో గాని, కసాయివాడు చలిలో నిలబడి పేగులో బంధించినదాన్ని వంటింట్లో వదిలేయడమే అది. న్యూరెంబర్గ్‌లో బీచ్ కట్టెల నిప్పుల మీద కాల్చి, ఆరో ఎనిమిదో పన్నెండో లెక్కపెట్టి క్యాబేజీ మీద పేర్చి, ముక్కుకెక్కే హార్స్‌రాడిష్ తురుముతో వడ్డిస్తారు. ఇతర ప్రాంతాల్లో ఆవముద్ద, ఉడికిన బంగాళదుంపలు తోడవుతాయి. కొవ్వు నాలుకను పూతపూసిన చోట పులుపు కడిగేస్తుంది, పులుపు కోసిన చోట కొవ్వు మెత్తపరుస్తుంది. ఒకటి లేకుండా రెండోది తినడం అక్కడివారికి సగం భోజనమే.

ఈ క్యాబేజీకి మరో గుణం కూడా ఉంది: రెండోరోజు వేడిచేసి తింటే మొదటిరోజు కంటే బాగుంటుంది. విల్‌హెల్మ్ బుష్ 1865లో ప్రచురించిన 'మాక్స్ ఉండ్ మోరిట్స్' అనే బొమ్మల కథలో, వితంతువు బోల్టె తనకు ప్రీతిపాత్రమైన ఆ తిరగవేడి చేసిన సావర్‌క్రౌట్ కోసమే నేలమాళిగలోకి దిగుతుంది. ఆమె తిరిగి వచ్చేలోపల ఇద్దరు అల్లరి పిల్లలు పొగగొట్టంలోంచి గాలం వేసి ఆమె వేయించుకున్న కోళ్లన్నిటినీ లాగేస్తారు.