తెలిసిన కథను మరల వినుట

భవిష్యత్తును చూపు వింతప్రాణి కథాసాహిత్యమునకు క్రొత్త గాదు. అట్టి ప్రాణి ప్రవేశించిన కథ సాధారణముగా రెండు మార్గములలో నొకదానిని పట్టును. ముప్పును ముందుగా నెరిగిన మానవుడు దానిని తప్పించుకొనును. లేదా తప్పించుకొనబోయి దానియందే చిక్కుకొనును. అమెరికన్ రచయిత టెడ్ చియాంగ్ 1998లో ప్రకటించిన 'స్టోరీ ఆఫ్ యువర్ లైఫ్' అను పెద్దకథ ఈ రెండింటిని విడిచి నడచినది. దాని విలువ అందున్నది. తెలుగు చేయబూనువానికి కష్టమును అందే యున్నది.

ఈ కథలో ఆకాశమునుండి దిగిన ప్రాణులు హెప్టపాడ్‌లు, అనగా సప్తపాదులు. ఏడు అవయవముల కూడలియందు వ్రేలాడు పీపావంటి దేహము, చుట్టును రెప్పలులేని ఏడు కన్నులు. ఆ దేహమునకు ముందు వెనుకలు లేవు. ఆ మనస్సునందలి కాలమునకును లేవు. వాని లిపియందు మొదటి గీత గీయునప్పటికే వాక్యమంతయు తెలిసియుండవలెను. దీనికి ఉపపత్తిగా రచయిత 17వ శతాబ్దపు ఫెర్మా సూత్రమును గ్రహించెను. గాలినుండి నీటిలోనికి పోవు కాంతికిరణము అత్యల్పకాలములో గమ్యము చేర్చు త్రోవనే పట్టును. బయలుదేరుటకు ముందే గమ్యమెరిగినట్లు ప్రవర్తించును. భాష నేర్చినంతనే కాలదృష్టి మారుననుట భాషాశాస్త్రము అంగీకరింపని అతిశయోక్తియే. కాని ఈ కిరణదృష్టాంతము ఆ యతిశయోక్తిని కథలో నమ్మించును.

సప్తపాదులు వరమీయవు, జోస్యము చెప్పవు. వాని లిపి నేర్చిన భాషాశాస్త్రజ్ఞురాలు లూయిస్ బాంక్స్ తన జీవితమును ఆద్యంతములతో ఒక్కసారిగా చూడనారంభించును. ఇంకను పుట్టని కుమార్తె 25వ యేట కొండ యెక్కుచు పడి మరణించునని ఎరుగును. ఎరిగియు ఆ బిడ్డను కనుటకు సమ్మతించును.

తెలుగు పాఠకునకు ఇచ్చట సావిత్రి తలపునకు రాక మానదు. ఎఱ్ఱన తెనిగించిన అరణ్యపర్వశేషమున ఆమెయు, సత్యవంతునకు ఒక్క యేడాదియే ఆయువని నారదునివలన వినియు, అతనినే వరించినది. ఎరిగి వరించుటలో ఇద్దరును సమానులు. కాని సావిత్రి యముని మెప్పించి పతిని దక్కించుకొన్నది. లూయిస్‌కు వేడుకొనుటకు యముడు లేడు. ఆమె ధైర్యమును ఫలమునుబట్టి కొలుచుటకు వీలు లేదు.

అయినచో ఆమె కేవలము కీలుబొమ్మయా? దీనికి కథ ఇచ్చు సమాధానము ఒక చిన్న సన్నివేశమున నున్నది. పసిపిల్ల తనకు కంఠస్థమైన కథనే తల్లిచేత చదివించుకొనును. తల్లి మాట మార్చినచో ఒప్పుకొనదు. తెలిసిన కథను చదువుటెందుకని తల్లి యడుగగా, వినవలెనని యున్నదని బిడ్డ బదులు చెప్పును. హరికథకు కూర్చున్న తెలుగు శ్రోత ఆ బిడ్డవంటివాడే. పందిటనున్న వారందరికిని మాంగల్యధారణ మంత్రము తెలిసినదే. అంతమాత్రమున దానిని చదువకుండ పెండ్లి కాదు. రచయితయు ఇట్టి సందర్భమున వివాహవిధినే ఉదాహరించెను. భవిష్యత్తు నెరిగినవారికి ఆచరణము దానిని మార్చుటకు గాదు, దానిని నిజము చేయుటకు.

2016లో దెనీ విల్నవ్ దర్శకత్వమున వచ్చిన 'అరైవల్' చలనచిత్రము ఇచ్చటనే వెనుదీసినది. అందు లూయిస్ భవిష్యత్తున వినిన మాటలను వర్తమానమున ప్రయోగించి యుద్ధమును ఆపును, భవిష్యజ్ఞానము పనిముట్టైనది. అంతకంటె గమనింపదగినది కుమార్తె మరణము. చిత్రమున ఆమె చికిత్సకు లొంగని వ్యాధితో చనిపోవును. తల్లి చేయగలిగినదేమియు లేదు. కథలోనిదో, ఒక్క మాటతో ఆపదగినట్లు తోచు ప్రమాదము. తల్లి ఆ మాట ఏల పలుకదను బాధ పాఠకుని విడువదు. చిత్రము ఆ బాధను తొలగించి కరుణను మిగిల్చినది. కథ బాధనుగూడ ఉంచినది, బలమందే యున్నది.

ఇక అనువాదము. ఇంగ్లీషు శీర్షికలోని 'యువర్' ఎవరిని ఉద్దేశించునో చదివినంతనే తెలియదు. తెలుగున 'నీ' యనగానే చనువు బయటపడును. అది తప్పనిసరి నష్టము. అసలు పరీక్ష క్రియలయందున్నది. తల్లి పుట్టని బిడ్డతో మాటలాడుచు, జ్ఞాపకమును భవిష్యత్క్రియతో జతపరుచును. వ్యవహారభాషలో 'నీవు పరుగెత్తుకుంటూ వస్తావు' అన్నచో రేపు వచ్చుట, నిత్యము వచ్చుట రెండును స్ఫురించును. చిన్నయసూరి 1858 నాటి బాలవ్యాకరణమున మూడు కాలములతోపాటు తద్ధర్మమును గుర్తించెను. నేటి 'వస్తావు' భవిష్యత్తును, ఆ తద్ధర్మమును కలిపి మోయుచున్నది. ఇతర రచనలందు ఈ సందిగ్ధత చిక్కు, ఇచ్చట లాభము. కాలమును ఒక్కసారిగా చూచు మనస్సునకు ఇంతకంటె తగిన రూపము ఇంగ్లీషునకు లేదు.

కాని దానినే ఎల్లెడల వాడినచో బిడ్డ నేటికిని బ్రదికి ఎదుట తిరుగుచున్నదని పాఠకుడు భ్రమపడును. మరణమును తెలుపు తావుల 'గుర్తుంది' అను మాట ప్రక్క ఇంకను రాని దినమును నిస్సంకోచముగా నిలుపవలెను. అది వ్యాకరణదోషమని తలచి సవరించు అనువాదకుడు కథనే సవరించినవాడగును.

సప్తపాదులు ఎందులకు వచ్చినవో, ఎందులకు మరలిపోయినవో కథ చెప్పదు. కొందరికి అది లోపముగా తోచవచ్చును. అవి పోయిన పిమ్మట ఒక తల్లి బిడ్డతో మాటలాడు తీరు మాత్రము మారి మిగిలినది. విజ్ఞానకల్పనలు వ్రాయు తెలుగు రచయితలు పరిశీలింపదగిన విషయమిది: వింతప్రాణి రాకవలన ఆకాశమున జరిగినదానికంటె వాక్యమున జరిగినది ఈ కథలో గొప్పది.